మామిడి టెంక నుంచి మొక్కను పెంచడం ఎలా?

మే నెలలో చెన్నైలోని కోయంబేడు మార్కెట్ నుంచి తెచ్చుకున్న బంగినపల్లి మామిడి రుచి చూశాక, ఆ టెంకనే మిద్దె మీద కుండీలో పాతుకుందామని చాలామందికి అనిపిస్తుంది. అయితే బంగినపల్లి టెంకలో సాధారణంగా ఒకే పిండం, అదీ పరపరాగ సంపర్కంతో, అంటే మరో చెట్టు పుప్పొడితో, ఏర్పడినది ఉంటుంది కనుక, మొలిచిన చెట్టు తల్లిచెట్టు పండునే ఇస్తుందని చెప్పలేము. పైగా కాపుకు ఆరేడేళ్లు, ఒక్కోసారి ఇంకా ఎక్కువే పడుతుంది. ఆ మొక్కను అంటు కట్టడానికి వేరుమూలంగా, అంటే వేళ్లనిచ్చే కింది మొక్కగా, పెంచుకోవడమే మేలని నా అభిప్రాయం.

మామిడి గింజ ఎండితే మొలవదు. ఒక ఏడాది నేను టెంకలను వంటింటి కిటికీలో నెలన్నర ఉంచి పాతితే ఒక్కటీ లేవలేదు. పండు తిన్న రోజే గుజ్జంతా పోయేలా టెంకను రుద్ది కడిగి, చేతిలో జారకుండా ఉండేంతవరకు, అంటే ఒకటి రెండు రోజులు, నీడన ఆరబెట్టాలి. తరువాత కొమ్మలు కత్తిరించే కత్తెరతో అంచును కొద్దిగా తీసి, చిప్పలను విడదీసి, లోపలి జీడికి, అంటే మామిడి పప్పుకు, గాటు పడకుండా దానిని బయటికి తీయాలి. జీడి గట్టిగా, మీగడ రంగులో ఉండాలి; తొలిచిన దారి, నల్లటి పొడి కనిపిస్తే టెంక పురుగు చేరినట్టే, దానిని పారవేయాలి.

అడుగు లోతున్న కుండీలో ఎర్రమట్టి, ఇసుక, వర్మీకంపోస్టు కలిపి నింపి, జీడి ఉబ్బెత్తు అంచు పైకి, లోపలికి వంగిన అంచు కిందికి వచ్చేలా అంగుళం లోతున పెట్టి, నీడలో ఉంచి, మట్టి తడి ఆరకుండా చూడాలి. సుమారు రెండు మూడు వారాల్లో మొలక వస్తుంది. లేత ఆకులు రాగి రంగులో వాలిపోయి కనిపిస్తే తెగులని కంగారుపడి మందు కొట్టనక్కరలేదు; అవి ముదిరి పచ్చబడతాయి.

చెన్నైలో అసలు చిక్కు నీటితోనే. ఉప్పు బోరు నీరు పోస్తే ఆకుల చివరలు మాడిపోతాయి. ఆర్ఓ యంత్రం బయటికి వదిలే నీటిలో ఉప్పు మరింత చిక్కగా ఉంటుంది కనుక దానిని అసలు వాడకూడదు. ఈశాన్య రుతుపవనాల వానలకు నీరు నిలిచి వేరు కుళ్లకుండా కుండీ అడుగు రంధ్రాలు తెరిచి ఉంచాలి.

కాండం పెన్సిల్ మందానికి వచ్చాక, కాస్తున్న బంగినపల్లి చెట్టు నుంచి తెచ్చిన పుల్లతో నర్సరీ మాలి చేత అంటు కట్టించుకోవచ్చు. అంత ఓపిక లేనివారు బొప్పాయి వేసుకోవచ్చు. గింజల మీది జిగురు పొరను బూడిదతో రుద్ది తీసేసి, ఒక్కో కుండీలో మూడు నాలుగు నాటి, పొడవాటి కాడలకు గుత్తులుగా పూసే మగ మొక్కలను పూత దశలో పీకేయాలి.