నడిగడ్డ యుద్ధాలను పెన్సిలు పట్టుకుని చదవడం ఎలా

ముప్పై ఏళ్ళు బడిలో సోషల్ చెప్పాను. తలుచుకుంటే ఇప్పటికీ సిగ్గేసే పీరియడ్ ఒకటుంది. రాయచూరు యుద్ధం చెబుతూ, కృష్ణదేవరాయల దండు 7,03,000 కాల్బలం, 32,600 గుర్రాలు, 551 ఏనుగులు అని బోర్డు మీద పెద్దక్షరాలతో రాశాను. వెనక బెంచీ నుంచి ఒకడు లేచాడు. "అంతమందికి తాగనీకె నీళ్ళు యాడివి సార్?" యుద్ధం జరిగింది మే నెలలో. మే నెల నీళ్ళ సంగతి కృష్ణా తుంగభద్రల నడుమ ఉన్న మా నడిగడ్డ పిల్లలకు ఒకరు చెప్పాలా? "కూర్చోరా" అన్నాను. నాకు జవాబు దొరికేసరికి వాడు బడి వదిలి పదేళ్ళు దాటింది. అది కూడా ఆ లెక్క రాసిన నూనిజ్ అనే మనిషి రాతలోనే దొరికింది. విజయనగరానికీ, బహమనీ సుల్తానులకూ, తర్వాత బీజాపూరు సుల్తానులకూ రెండు వందల ఏళ్ళు నడిచిన ఈ కొట్లాటను ఎలా చదవాలో అప్పుడు తెలిసింది. నేను చదివే పద్ధతి చెబుతాను.

ముందు పుస్తకం కాదు, పటం తీయండి. పైన కృష్ణ, కింద తుంగభద్ర. అలంపురం దాటాక కూడవెల్లి దగ్గర రెండూ కలుస్తాయి. మధ్యలో నాగలి కర్రులా మొన తేలిన నేల. పారసీ రాతల్లో అది దోఆబ్, అంటే రెండు నీళ్ళు. దాని తూర్పు కొస మా గద్వాల, అలంపురం. మేం అనేది నడిగడ్డ. రాయచూరు, ముద్గల్ కోటల చుట్టూ పెన్సిలుతో సున్నా చుట్టండి. దక్షిణాన విజయనగరం (1336), ఉత్తరాన బహమనీల రాజధాని గుల్బర్గా (1347), తర్వాత బీదరు. ఇంత చేశాక "సుల్తాను నది దాటెను" అని వస్తే ఏ నదో అడిగే అలవాటు దానంతటదే వస్తుంది. ఒకే పేరున్న ఊళ్ళతో జాగ్రత్త. బహమనీ సుల్తాను ఫిరోజ్ షా ముట్టడించి భంగపడ్డ పానగల్ నల్లగొండదని కొన్ని పుస్తకాలు, వనపర్తి వైపుదని కొన్ని. నేను రెండు చోట్లా ప్రశ్న గుర్తు పెట్టుకున్నాను. అది ఇంకా చెరపలేదు.

తర్వాత నోటుపుస్తకంలో ఒక పేజీకి నాలుగు గళ్ళు గీయండి: రాసిందెవరు, ఎప్పుడు, జరిగిందెప్పుడు, ఎవరి ఉప్పు తిన్నాడు. నాలుగో గడి నింపకుండా ముందుకు పోవద్దు. ఫెరిష్తా బీజాపూరులో రెండో ఇబ్రహీం ఆదిల్ షా కొలువులో ఉండి, పదిహేడో శతాబ్దం మొదట్లో పారసీలో చరిత్ర రాసినవాడు. విజయనగర రాజు బుక్కరాయలు ముద్గల్ పట్టుకున్నది 1366లో. మధ్యలో సుమారు రెండు వందల నలభై ఏళ్ళు. పైగా ఆ రాయల పేరు బుక్కడు కాదు, కిషన్ రాయ్ అంటాడు. ఆ యుద్ధంలో ఫిరంగులు పేలాయంటాడు. ఆ కాలానికి అది నమ్మశక్యం కాదని చాలామంది చరిత్రకారులు పక్కన పెట్టారు. అలాగని ఫెరిష్తాను అవతల పారేయకండి. నేను ఐదారేళ్ళు ఆ తప్పు చేశాను.

నూనిజ్ పోర్చుగీసు గుర్రాల బేరగాడు. 1535 ప్రాంతంలో, అంటే రాయచూరు యుద్ధమైన పదిహేనేళ్ళకు రాశాడు. కాబట్టి గుర్రాల ధర దగ్గర అతని మాట నమ్ముతాను, పోర్చుగీసువాళ్ళ పరాక్రమం దగ్గర కొంచెం తగ్గిస్తాను. చరిత్రకారుడు సూయెల్ 1900లో వేసిన ఇంగ్లీషు పుస్తకంలో పేస్ అనే మరో పోర్చుగీసువాడి రాతలు, నూనిజ్ రాతలు రెండూ పూర్తిగా ఉన్నాయి, నెట్‌లో ఉచితంగా దొరుకుతాయి. నూనిజ్ యుద్ధం 1522లో అన్నాడు. సూయెల్ వారం, అమావాస్య లెక్క కట్టి, మిగతా పోర్చుగీసు రాతలతో పోల్చి 1520 మే 19 శనివారం అని తేల్చాడు. మన ఇళ్ళలో పంచాంగం చూడగల పెద్దలుంటే ఈ పని వాళ్ళకు అప్పగించండి, భలే ఇష్టంగా చేస్తారు.

ఇక అంకెలు. పెద్ద సంఖ్య కనబడగానే నీళ్ళలోకి మార్చండి. మనిషికి నాలుగు లీటర్లన్నా 7 లక్షల మందికి రోజుకు 28 లక్షల లీటర్లు. గుర్రానికి ముప్పై చొప్పున ఇంకో పది లక్షలు. ఏనుగుల జోలికి నేను పోలేదు. ఈ లెక్క వేశాకే నూనిజ్‌ను మళ్ళీ తెరిచాను. దండు వెంట తోలు తిత్తులతో 12,000 మంది నీళ్ళవాళ్ళు నడిచారనీ, దాహంతో ఎవరూ చావకుండా దారి పొడుగునా నిలబడి నీళ్ళు పోశారనీ రాశాడు. మోకాలి సగానికి కూడా రాని ఏటిని దండులో సగం మంది దాటేలోపే నీళ్ళు అయిపోయి, మిగిలినవాళ్ళు ఇసుకలో చెలమలు తోడుకున్నారట! మొదటిసారి చదివినప్పుడు ఈ వాక్యాల మీదుగా వెళ్ళిపోయాను. నా కళ్ళు ఏనుగుల మీద ఉన్నాయి మరి. ఏడు లక్షలను నేను ఇప్పటికీ నమ్మను. నీళ్ళ తిత్తులను నమ్ముతాను.

ఒకే రోజు గురించి ఇద్దరు రాసినచోట రెండు పుస్తకాలూ పక్కపక్కన పెట్టండి. రాయచూరు యుద్ధమే చూడండి. ఫెరిష్తా ప్రకారం బీజాపూరు సుల్తాను ఇస్మాయిల్ ఆదిల్ షా తాగిన మైకంలో, సలహా వినకుండా కొద్ది బలంతో నది దాటి చెడ్డాడు. నూనిజ్ ప్రకారం హోరాహోరీ పోరు, మొదట రాయల ముందు వరస చెదిరింది, రాయలు స్వయంగా కదిలాక తిరగబడింది. ఒకరికి తమ దొర కుటుంబం పరువు కాపాడాలి, ఓటమి సారా మీదికి పోతే తప్పు సైన్యానిది కాదు. రెండోవాడికి కొనుగోలుదారుడు గొప్పవాడు కావాలి. ఇద్దరూ ఒప్పుకున్నదాన్ని ఎర్ర పెన్సిలుతో గీయండి: సుల్తాను నది దాటాడు, వెనక్కి పారిపోయాడు, నది చాలామందిని మింగింది.

నాకు అన్నిటికన్నా ఇష్టమైన పని చివరికి ఉంచాను. రాసినవాడు దాచాలనీ చెప్పాలనీ అనుకోకుండా జారవిడిచిన మాటలు ఏరడం. యుద్ధం జనాన్ని ఏం చేసిందో అక్కడే ఉంటుంది. కృష్ణదేవరాయల కన్నా ముందు విజయనగరాన్ని ఏలిన సాళువ నరసింహుడు సముద్రంలో చచ్చిన గుర్రాలకు కూడా, తోక తెచ్చి చూపిస్తే, బతికినదాని ధరే ఇచ్చాడట. దక్కనులో మేలుజాతి గుర్రం పుట్టదు, అరేబియా నుంచి రావాలి. రాజ్యం డబ్బంతా ఏ రేవుకు పోయిందో ఆ తోక చెబుతుంది. రాయచూరు ముట్టడిలో గోడ నుంచి ఊడబీకిన రాళ్ళను సైజును బట్టి పది నుంచి యాభై పణాలకు కొన్నారు. అంటే గునపం పట్టినవాడికి అది యుద్ధమే కాదు, కూలి కూడా.

విజయనగర రాజు మొదటి దేవరాయలు కోరుకున్న ముద్గల్ కంసాలి పిల్ల కథను ప్రేమకథగా చదివి వదిలేస్తారు. ఫెరిష్తా చెప్పేది ఇంకొంచెం ఉంది. ఆ పిల్ల కోసం రాయల గుర్రపు దళం వస్తోందని తెలిసి ఆ కుటుంబమే కాదు, జనం ఊళ్ళు వదిలి పారిపోయారు. దొరకని పిల్ల బదులు పల్లెలు దోచుకున్నారు. ఫిరోజ్ షాకు 1406లో యుద్ధానికి కావలసిన సాకు దొరికింది. ఆఖరికి పిల్లను సుల్తాను కొడుక్కి ఇచ్చారు. ఆమె ఏమనుకుందో ఎవరూ రాయలేదు.

పుస్తకంలో దొరికినదాన్ని రాయితో సరిచూడండి. రెండో దేవరాయలు ఓటములకు కారణం అడిగితే, బహమనీల గుర్రాలు బలమైనవి, విలుకాండ్రు నేర్పరులు అన్నారట కొలువులోవాళ్ళు. ఆయన రెండు వేల మంది ముసల్మాన్లను పనిలో పెట్టుకుని, వాళ్ళు సలాం చేసేటప్పుడు ఇబ్బంది పడకుండా సింహాసనం ముందు ఖురాను పెట్టించాడని ఫెరిష్తా రాశాడు. కట్టుకథ అనుకున్నాను. హంపిలో ఆ రాయల ఉద్యోగి అహ్మద్ ఖాన్ 1439లో కట్టించిన మసీదు ఉంది. శాసనంలో దాని పేరు ధర్మశాల. ఆ రోజే ఫెరిష్తాను మళ్ళీ అలమరలోంచి దించాను.

హంపి దూరమైతే రాయచూరు చాలు. గద్వాల నుంచి రైలుంది. కోట పడమటి గోడలో నలభై అడుగులు దాటిన ఒకే బండ ఉంది. గోరె గంగయ్య రెడ్డివారు 1294లో కోట కట్టించారని దాని మీద శాసనం, అంటే విజయనగరం, బహమనీ రెండూ పుట్టకముందటిది. దగ్గరే ఆ బండను బండికి ఎక్కించి దున్నపోతుల బారుతో లాగిస్తున్న బొమ్మ చెక్కారు. రాజులు లేని ఆ బొమ్మ దగ్గర కాసేపు నిలబడి దున్నలను లెక్కపెట్టండి. ఉదయం ఎండ పక్కవాటుగా పడేటప్పుడు గీతలు బాగా కనబడతాయి. మేలో మాత్రం వెళ్ళకండి. వెళ్ళక తప్పదంటే నీళ్ళ సీసాలు రెండు పట్టుకెళ్ళండి.