మణికట్టు మీద బరువు మోపినప్పుడు వచ్చే నొప్పి: కారణం పట్టుకోవడం, నయం చేసుకోవడం

పుషప్ తీసేటప్పుడో, పుషప్ భంగిమలోనే కదలకుండా ఉండే ప్లాంక్‌లో నిలిచినప్పుడో, అధోముఖ శ్వానాసనంలోకి వెళ్ళినప్పుడో అరచేయి నేలకు ఆనగానే మణికట్టు చురుక్కుమంటే, చాలామంది పళ్ళ బిగువున ఆ సెట్ పూర్తి చేస్తారు, లేకపోతే వ్యాయామమే మానేస్తారు. మొదటి పద్ధతి నొప్పిని ముదరబెడుతుంది. రెండవది కొన్ని వారాలు ఉపశమనం ఇస్తుంది గానీ, తిరిగి మొదలుపెట్టిన రోజునే అదే నొప్పి అదే చోట పలకరిస్తుంది. దెబ్బ తగలకుండా మెల్లగా మొదలైన నొప్పి సాధారణంగా రెండు విషయాల మీద ఆధారపడి ఉంటుంది: కీలు ఎంత వెనక్కి వంగింది, అలా వంగి ఉండగా దాని మీద ఎంత బరువు పడింది. ఈ రెండింటినీ విడివిడిగా తగ్గించి చూడవచ్చు, వ్యాయామం పూర్తిగా ఆపనక్కరలేదు.

వంపు, బరువు

మణికట్టులో చిన్న ఎముకలు ఎనిమిది ఉంటాయి, నాలుగేసి చొప్పున రెండు వరుసలుగా. ముంజేతి నుంచి వచ్చే రెండు ఎముకల్లో బొటనవేలి వైపుది రేడియస్, చిటికెన వేలి వైపుది అల్నా. చేయి తిన్నగా ఉన్నప్పుడు మణికట్టు గుండా వెళ్ళే బరువులో సుమారు 80 శాతాన్ని రేడియస్, మిగిలిన 20 శాతాన్ని అల్నా వైపు భాగం మోస్తాయి. మన కండరాల బలంతో చేతిని వెనక్కి వంచితే మామూలుగా 70 డిగ్రీల దాకా వంగుతుంది. అరచేయి నేల మీద పూర్తిగా ఆన్చి ముంజేతిని నిటారుగా నిలిపితే కావలసిన వంపు దాదాపు 90 డిగ్రీలు. ఆ తేడాను శరీర బరువే బలవంతంగా పూడుస్తుంది, ఆ బలవంతాన్ని ఓర్చుకునే శక్తి అందరి కీళ్ళలోనూ ఒకేలా ఉండదు.

ఇక బరువు సంగతి. మామూలు పుషప్‌లో చేతుల మీద పడేది శరీర బరువులో సుమారు 64 శాతం. మోకాళ్ళు నేలకు ఆనిస్తే అది 49 శాతానికీ, కాళ్ళు చాచి ఉంచి చేతుల్ని 60 సెంటీమీటర్ల ఎత్తున్న బల్ల మీద పెడితే 41 శాతానికీ దిగుతుంది. 70 కిలోల మనిషికి ఇది ఒక్కొక్క మణికట్టు మీద సుమారు 22 కిలోల నుంచి 14 కిలోలకు తగ్గడం. చేతుల మీద తలకిందులుగా నిలబడితే శరీరం మొత్తం రెండు మణికట్ల మీదే ఉంటుంది. పుషప్‌లు సుఖంగా తీసేవారికి కూడా ఆ ఆసనం నేర్చుకునే తొలి వారాల్లో నొప్పి రావడం వింతేమీ కాదు.

వేలు పెట్టి చూపించగలరా?

వైద్యుడి దగ్గరకు వెళ్ళకముందే మీరు చేసుకోగల మంచి పరీక్ష ఒకటుంది. నొప్పి ఉన్న చోటును ఒక్క వేలి కొనతో చూపించడానికి ప్రయత్నించండి. "ఇక్కడంతా" అని కాకుండా "సరిగ్గా ఇక్కడ" అని చెప్పగలిగితే కారణం చాలావరకు దొరికినట్టే.

మణికట్టు వెనక వైపు నడిమధ్యన, చేయి పూర్తిగా వంగి బరువు పడినప్పుడు మాత్రమే చిటుక్కుమంటుంటే, సాధారణంగా అది కీలును కప్పి ఉండే పొర ఎముకల అంచుల మధ్య నలగడం వల్ల వచ్చేది. పిడికిలి బిగించి నేలకు ఆనించినప్పుడు నొప్పి లేకపోతే ఈ అనుమానం బలపడుతుంది. అదే చోట గాంగ్లియన్ అనే నీటిబుడగ లాంటి గడ్డ కూడా ఏర్పడవచ్చు, అది కొన్నిసార్లు పైకి కనిపించనంత చిన్నదిగా ఉండి కూడా బాధిస్తుంది. పట్టు సడలినట్టు, కీలు లోపల ఏదో టక్కున జారినట్టు అనిపిస్తుంటే మాత్రం చిన్న ఎముకల్ని కలిపి ఉంచే లిగమెంటు దెబ్బతిని ఉండవచ్చు. దాన్ని ఇంట్లో తేల్చుకోలేం.

చిటికెన వేలి వైపు నొప్పి వేరే జాతిది. అక్కడ అల్నా చివరకూ మణికట్టు ఎముకలకూ మధ్య ఒత్తిడిని సర్దే మెత్తని కట్టడం ఒకటుంది, వైద్యులు దాన్ని టీఎఫ్‌సీసీ అంటారు. కుర్చీ చేతుల మీద బరువు మోపి లేచినప్పుడూ, తలుపు పిడి తిప్పినప్పుడూ, తడి గుడ్డ పిండినప్పుడూ ఆ వైపు నొప్పి పుడితే ముందు అనుమానించవలసింది దాన్నే. కొందరికి పుట్టుకతోనే అల్నా రేడియస్ కన్నా కాస్త పొడవుగా ఉంటుంది, వారికి ఆ వైపు రాపిడి ఎక్కువ.

బొటనవేలి వైపు, మణికట్టు అంచున నొప్పి ఉండి, బొటనవేలిని పిడికిట్లో దాచి చేతిని చిటికెన వేలి వైపు వంచగానే ప్రాణం విలవిల్లాడితే అది డీ కెర్వాన్ సమస్య కావచ్చు. బొటనవేలిని కదిపే టెండన్ల (కండరాన్ని ఎముకకు కలిపే తాళ్ళ) చుట్టూ ఉన్న తొడుగు మందమై ఇరుకైపోవడం దీనికి మూలం. ఇక అరచేతి వైపు నొప్పితో బాటు బొటనవేలు, చూపుడువేలు, నడిమి వేలు తిమ్మిరెక్కుతూ, రాత్రిళ్ళు మెలకువ వచ్చి చేయి విదిలించుకోవలసి వస్తుంటే, మణికట్టు సొరంగం అనే ఇరుకు దారిలో మీడియన్ నరం నొక్కుకుపోతూ ఉండవచ్చు. దీనికి రాత్రిపూట చేతిని తిన్నగా ఉంచే పట్టీ వేసుకోవడం మొదటి మెట్టు. పగలు బరువు మోపే వ్యాయామాలను అరచేయి వంచకుండా చేయాలి.

ఇక్కడ ఒక హెచ్చరిక తప్పదు. చేయి చాచి కింద పడిన తరువాత మొదలైన నొప్పిని వ్యాయామపు నొప్పిగా కొట్టిపారేయకండి. బొటనవేలిని పైకి లేపి చాచినప్పుడు దాని మొదట్లో రెండు టెండన్ల మధ్య చిన్న గుంట పడుతుంది. ఆ గుంటలో నొక్కితే నొప్పి ఉందంటే స్కాఫాయిడ్ అనే ఎముక విరిగి ఉండవచ్చు. తొలి రోజు తీసిన ఎక్స్‌రేలో ఈ పగులు కనబడకపోవచ్చు గనుక, అనుమానం ఉంటే కట్టు వేసి 10 నుంచి 14 రోజుల తరువాత మళ్ళీ ఎక్స్‌రే తీస్తారు, లేదా ముందే ఎంఆర్‌ఐ చేయిస్తారు. ఆ ఎముకకు రక్తప్రసరణ పలచన కావడం వల్ల, పట్టించుకోకుండా వదిలేస్తే అది అతుక్కోకుండా మిగిలిపోయే ప్రమాదం ఉంది. వాపు, వేడి, జ్వరం, పోని తిమ్మిరి, పట్టు తప్పి వస్తువులు జారిపోవడం, కదలకుండా ఉన్నా తగ్గని నొప్పి కనిపించినప్పుడు కూడా వైద్యుణ్ణి కలవడమే సరి. జిమ్నాస్టిక్స్ నేర్చుకునే ఎదిగే పిల్లల్లో రేడియస్ చివర, ఎముక పొడవు పెరిగే చోటైన ఎదుగుదల పలక దెబ్బతినగలదు కాబట్టి, వారి మణికట్టు నొప్పికి ఇంటి చిట్కాలతో కాలయాపన చేయకూడదు.

మొదటి రెండు వారాలు

ప్రమాద లక్షణాలేవీ లేవనుకుందాం. అప్పుడు చేయవలసిన మొదటి పని వంపును తీసేయడం. పుషప్ బార్లు పట్టుకుంటే మణికట్టు తిన్నగా నిలుస్తుంది. అవి లేకపోతే ఆరు పలకల తలలున్న డంబెల్స్ వాడవచ్చు. గుండ్రటి తలలున్నవి దొర్లి పళ్ళు రాలగొట్టే రకం, వాటి జోలికి పోవద్దు. ప్లాంక్‌ను మోచేతుల మీద చేసుకోవచ్చు. ఆసనాల్లో అయితే మడిచిన తువ్వాలును అరచేతి అడుగు భాగం కింద పెట్టి, వేళ్ళను కిందికి దిగనిస్తే వంపు గణనీయంగా తగ్గుతుంది. ఇంత చేసినా నొప్పి ఉంటే బరువును కూడా తగ్గించాలి, అంటే గోడ మీదికో ఎత్తైన బల్ల మీదికో మారాలి.

వ్యాయామం తరువాత గుడ్డలో చుట్టిన ఐసును 10, 15 నిమిషాలు పెట్టుకోవచ్చు, పడనివారు కాకపోతే డైక్లోఫెనాక్ జెల్ రాసుకోవచ్చు. వ్యాయామానికి ముందు నొప్పి మాత్ర వేసుకుని దిగడం మాత్రం నేను ఒప్పుకోను. హద్దు దాటుతున్నామని చెప్పే ఒకే ఒక్క గొంతును నొక్కేయడమే అది. వ్యాయామంలో మణికట్టుకు చుట్టుకునే పట్టీని కూడా (రాత్రి పట్టీ సంగతి వేరు) బరువు మోపే సమయానికి పరిమితం చేసుకోవడం మంచిది, రోజంతా కట్టుకుంటే కీలు బిగుసుకుని కండరం సోమరిదవుతుంది.

చేయి నేల మీద పెట్టే తీరు

నా కుడి మణికట్టు వెనక భాగం నాలుగు నెలలు వేధించినప్పుడు నేను అన్నిటినీ అనుమానించాను గానీ కింద పరుచుకున్న మ్యాట్‌ను అనుమానించలేదు. మోకాళ్ళకు హాయిగా ఉంటుందని కొన్న మందపాటి మ్యాట్ అది. ఒకరోజు పక్క నుంచి తీసిన వీడియో చూసుకుంటే, అరచేతి అడుగు భాగం రొట్టెపిండిలో దిగినట్టు దిగబడి, వేళ్ళు ఎత్తున ఉండిపోవడం కనిపించింది. అసలే చాలీచాలని వంపుకు మ్యాట్ ఇంకొన్ని డిగ్రీలు జోడిస్తోందన్నమాట. చేతుల్ని గట్టి నేల మీదికి మార్చాక పది రోజుల్లోనే తేడా తెలిసింది. అందరికీ ఇంత తేలికగా తీరుతుందని కాదు, కానీ ఖర్చు లేని మార్పు గనుక ముందు దీన్ని చూడండి.

రెండవది వేళ్ళ పని. చాలామంది బరువంతా మణికట్టుకు ఆనుకుని ఉన్న అరచేతి అడుగు భాగంలో పడేసి వేళ్ళను అలంకారంగా వదిలేస్తారు. వేళ్ళను విప్పార్చి, గోళ్ళ చివరలు తెల్లబడేంతగా వేలి కొనలతో నేలను నొక్కండి. చూపుడువేలి మొదలు పైకి లేవనివ్వకండి. ఇలా చేస్తే ముంజేతి కండరాలు బిగిసి, కీలు పూర్తిగా కూలబడకుండా పట్టి ఉంచుతాయి. మూడవది, ప్లాంక్‌లో భుజాలు మణికట్లను దాటి ముందుకు పోతున్నాయా అని గమనించడం. అవి ముందుకు పోయే కొద్దీ వంపు 90 డిగ్రీలను మించుతుంది. అధోముఖ శ్వానాసనంలో భుజాలు వెనక్కి ఉంటాయి కాబట్టి, ప్లాంక్‌లో నొప్పి ఉండి ఆ ఆసనంలో లేకపోతే మీ సమస్య వంపుదే అయ్యే అవకాశం ఉంది. చిటికెన వేలి వైపు నొప్పి ఉన్నవారు వేళ్ళను లోపలికి తిప్పి పెట్టకూడదు, మధ్యవేలు ముందుకు చూస్తూ ఉంటే చాలు.

బలం పెంచుకోవడం

సాగదీయడం గురించి ఒక మెలిక ఉంది. చేయి చాచి, రెండవ చేత్తో వేళ్ళను వెనక్కి లాగి 20, 30 సెకన్లు ఉంచినప్పుడు లాగుడు ముంజేతి లోపలి వైపు తెలియాలి. అలా తెలిస్తే అది బిగుసుకున్న కండరం, రోజూ సాగదీస్తే లొంగుతుంది. దానికి బదులు మణికట్టు వెనక వైపు నొక్కుకున్నట్టు ఉంటే ఆపేయండి. నలుగుతున్న పొరను ఇంకా నలపడం సాగదీయడం అనిపించుకోదు.

బలానికి మూడు అభ్యాసాలు చాలు. చేతులూ మోకాళ్ళూ నేలకు ఆనించి, బరువును నెమ్మదిగా ముందుకూ వెనక్కూ ఊపుతూ 10, 15 సార్లు. అదే భంగిమలో వేళ్ళు నేలనే ఉంచి అరచేతి అడుగు భాగాన్ని మాత్రం పైకి లేపి దించడం, 10 సార్లు. ముంజేతిని బల్ల మీద ఆన్చి, చేయి బల్ల అంచు దాటి బయటికి ఉంచి, 1 కిలో బరువును త్వరగా ఎత్తి 3, 4 సెకన్లు తీసుకుని దించడం, అరచేయి పైకి ఉంచి ఒకసారి, కిందికి ఉంచి ఒకసారి, 12 నుంచి 15 సార్ల చొప్పున. మొదటి రెండూ రోజూ చేయవచ్చు, మూడవది రోజు విడిచి రోజు చేయండి. 0 నుంచి 10 కొలతలో నొప్పి 3 దాటకుండా, మర్నాడు పొద్దుటికి మామూలుగా ఉంటే మోతాదు సరిపోయినట్టు. మర్నాడు కూడా సలుపుతుంటే ఎక్కువైనట్టు.

తిరిగి నేల మీదికి దిగేటప్పుడు గోడ, బల్ల, 30 సెంటీమీటర్ల మెట్టు, మోకాళ్ళ పుషప్, పూర్తి పుషప్ అనే వరుసలో, ఒక్కొక్క దశలో కనీసం ఒక వారం ఉండండి. ఆరు వారాలు ఇలా శ్రద్ధగా చేసినా మార్పు లేకపోతే ఎముకల వైద్యుడికి చూపించుకోవాలి. ఆయనకు నొప్పి ఉన్న చోటును ఒక్క వేలితో చూపి, ఏ భంగిమలో వస్తుందో, పిడికిలి మీద ఆనినప్పుడు పోతుందో లేదో చెప్పగలిగితే, ఏ పరీక్ష అవసరమో నిర్ణయించడం ఆయనకు సులువవుతుంది.