చీరాల–పేరాల కథ పిల్లలకు ఎలా చెప్పాలి

తారీఖులతో మొదలుపెట్టకండి. నేను క్లాసులో ముందు ఒకటే అడుగుతాను: "రేపే ఊరు ఖాళీ చేయాలంటే ఏం మూట కట్టుకుంటారు?" కాగితం మీద రాయించండి. ఒక అమ్మాయి 'తమ్ముడి ఉయ్యాల' అని రాసింది.

అక్కడి నుంచి 1921కి తీసుకెళ్లండి. బ్రిటిష్ ప్రభుత్వం పెట్టిన మున్సిపాలిటీ వద్దని, పెంచిన పన్నులు కట్టేది లేదని చీరాల, పేరాల జనం ఇళ్లు వదిలేశారు. ఊరి బయట పాకలు వేసుకుని, దానికి రామనగరం అని పేరు పెట్టుకున్నారు. ఎండనక వాననక దాదాపు 11 నెలలు అక్కడే! ఇక్కడ తొందరపడొద్దు, ఆ పాకల బొమ్మ గీయించండి. వాళ్లను నడిపించిన దుగ్గిరాల గోపాలకృష్ణయ్య గురించీ, ఆయన స్వచ్ఛంద సేవకుల దళం రామదండు గురించీ ఆ తర్వాతే చెప్పండి. సహాయ నిరాకరణ అనే మాట చివర్లో రాయండి, అప్పటికి పిల్లలకే అర్థమైపోతుంది.