లఘుచిత్రంలో అవ్వ పాత్రను రాయడం ఎలా

నెల్లూరు, ప్రకాశం జిల్లాల్లో సెల్‌ఫోన్‌తోనే లఘుచిత్రాలు తీస్తున్న యువతీయువకుల కథల్లో అవ్వ ఉన్నదంటే, చాలాసార్లు ఆమె మంచం మీద దగ్గుతూనో, కొడుకు కోసం వీధివైపు చూస్తూనో కనబడుతుంది. ఈ అలవాటు తప్పాలంటే ముందుగా ఆమె వయసును అంకెల్లో రాసుకోవాలి. ‘ముసలామె’ అని రాసుకుంటే ఏమీ తట్టదు. 1992లో ముప్పై ఏళ్ల మనిషి అని రాసుకుంటే, నెల్లూరు జిల్లాలోని దూబగుంట అనే పల్లె పేరును రాష్ట్రమంతా మోగించిన సారా వ్యతిరేక ఉద్యమంలో ఆమె ఏ పక్కన నిలబడిందన్న ప్రశ్న వెంటనే పుడుతుంది. రాత్రిబడిలో అక్షరాలు దిద్దుకొని, సారా దుకాణాలు మూయించి, వేలంపాటలను అడ్డుకొన్న ఆనాటి పడుచులు ఇప్పుడు అరవై దాటినవారే. అటువంటి మనిషి కోడలు ఒక మాట అనగానే కొంగుతో కళ్లొత్తుకుంటూ మూల కూర్చుంటుందా?

తరువాత డబ్బు సంగతి తేల్చుకోవాలి. నెల మొదట్లో ఇంటికి వచ్చే 4,000 రూపాయల పింఛను ఎవరి చేతికి పోతుందో, అందులో మందులకెంతో, మనవడి ఫోన్ రీచార్జికెంతో, ఎవరికీ చెప్పకుండా చీటీకి కట్టేదెంతో రాసుకుంటే సగం పాత్ర తయారైనట్లే. ఇదంతా తెరమీద చెప్పనక్కరలేదు, రాసేవారికి తెలిస్తే చాలు.

పాత చిత్రాలను ఈ కన్నుతో మళ్లీ చూడండి. 1962 నాటి ‘గుండమ్మ కథ’లో ఇల్లూ పెత్తనమూ గుండమ్మవే, కానీ ఆ పాత్ర వేసిన సూర్యకాంతంగారికి అప్పటికి నలభై నిండలేదు. 2012లో వచ్చిన ‘మిథునం’లో లక్ష్మిగారు, నెల్లూరు బిడ్డ బాలసుబ్రహ్మణ్యంగారు తప్ప తెరమీద మరొకరు లేకుండానే వృద్ధ దంపతుల వంటా, తగవూ, ప్రేమా కథను నడిపాయి. 2019 నాటి ‘ఓ! బేబీ’లో మాత్రం డెబ్బై ఏళ్ల స్త్రీ కోరికలు తీరడానికి పడుచు శరీరం కావలసి వచ్చింది; సరదాగా సాగిన చిత్రమే అయినా, అది నాకు కొరతగానే తోస్తుంది.

రాసిన ప్రతి సన్నివేశం నుంచీ కొడుకును తీసివేసి చదవండి. అవ్వకు చేయడానికి పని మిగలకపోతే అది ఆమె సన్నివేశం కాదు.

నటికి జుట్టు తెల్లబరచే బదులు ఊళ్లోనే ఆ వయసు మనిషిని అడగండి. సంభాషణ బట్టీ పట్టించకుండా సందర్భం మాత్రం చెప్పండి. “నేనట్టా అననబ్బయ్యా” అని ఆమె దిద్దితే, కాగితం మీది వాక్యాన్ని కొట్టివేయండి.