పీచ్ క్రిస్ప్ పైపొర తడిసిపోకుండా చేసిన పద్ధతి: నా అనుభవం

హనుమకొండలో మా ఇంటి చిన్న ఓటీజీలో (కరెంటు ఓవెన్‌లో) పీచ్ క్రిస్ప్, అంటే పీచ్ పండ్ల ముక్కలపై ఓట్స్, వెన్న కలిపిన పొడి చల్లి కాల్చే తీపి వంటకం, చేసిన ప్రతిసారీ అడుగున నీరు నిలిచి, పైన చల్లిన ఓట్స్ పొర తడిసి ముద్దయ్యేది. మైదా పెంచడం, చక్కెర తగ్గించడం, ఇంకో పావుగంట కాల్చడం, ఏదీ ఫలించలేదు.

చివరికి ఫలించింది, రసాన్ని ముందే బయటికి తీయడం. 1 కిలో పీచ్‌లను టెంక తీసి, తొక్కతోనే వేలి మందం ముక్కలుగా కోసి, 60 గ్రాముల చక్కెర, చిటికెడు ఉప్పు పట్టించి 40 నిమిషాలు చిల్లుల గిన్నెలో ఉంచగా, కింద గులాబి రంగు రసం చేరింది. పండు సువాసన అందులోనూ ఉంటుంది కనుక దాన్ని పారబోయకూడదు. అది చల్లగా ఉండగానే రెండు చెంచాల కార్న్‌ఫ్లోర్ కలిపి, సన్నని మంటపై గరిటెకు అంటుకునేంత చిక్కబరచి, తిరిగి ముక్కలకు కలిపాను.

ఫ్రిజ్‌లోంచి అప్పుడే తీసిన వెన్నను మైదా, ఓట్స్, బెల్లం పొడిలో వేళ్ల కొసలతో నలిపి, శనగగింజలంత ఉండలు మిగిలి ఉండగానే ఆపి, అదమకుండా పైన చల్లాను. మా ఎండలకు వెన్న చేతిలోనే కరుగుతుంది కాబట్టి, ఆ పొడిని చల్లేముందు 10 నిమిషాలు మళ్లీ ఫ్రిజ్‌లో పెట్టాను. 190 డిగ్రీల వద్ద సుమారు 40 నిమిషాలకు అంచుల్లోనే కాక నడుమ కూడా చిక్కని బుడగలు వచ్చాయి; అప్పుడే బయటికి తీసి, అరగంట ఆరనిచ్చాను.

నేను వాడినవి కాస్త గట్టిగా, పుల్లగా ఉన్న పండ్లు. బాగా మాగిన వాటికి ఇదే కొలత సరిపోతుందని చెప్పలేను. కార్న్‌ఫ్లోర్ కొంచెం పెంచవలసి రావచ్చు.