మిరుగం రాకముందే: పలుకుచెద జాగ్రత్తలు

మిరుగం (మృగశిర కార్తె) తొలివానకు ఉసిళ్లు లేచిన రాత్రే మన వరంగల్ చుట్టుపక్కల పలుకుచెద, అంటే నోటి మాటను తినే చెద, కూడా మొదలవుతుంది. జూన్ 8 దాకా ఆగకండి. నోటి మాట సక్కగా ఉన్న ఈ వారమే ఇంటిల్లిపాదీ కూర్చుని ఇవి అనుకోండి.

పలుకుచెద మాటను ఒక్కసారే తినదు, చివర నుంచి తింటుంది. మొదటి రోజు కి, ను, తో, నుంచి రాలిపోతాయి. తర్వాత క్రియ చివరి డు, ది, రు పోతాయి. మూడో రోజుకు 'చేయకు', 'చేయలేదు' అనే మాటల్లో కాదనే ముక్క పోతుంది. అసలు గండం ఆ రోజే. పేర్లు, అంకెలు, 'అవ్వా', 'బాపూ' అనే పిలుపులు మాత్రం ఆఖరిదాకా ఉంటాయి.

తెలుగులో మాటల వరస మార్చినా అర్థం చెడదు. 'పాము కప్పను మింగింది' అన్నా, 'కప్పను పాము మింగింది' అన్నా ఒకటే. ఆ 'ను' రాలిందంటే ఏది దేన్ని మింగిందో తెలియదు. అందుకే ఈ రోజుల్లో వరస మార్చవద్దు. చేసినవాళ్ల పేరు ముందు, ఎవరికి చేశారో వాళ్ల పేరు తర్వాత, పని చివరన. ఎనుమాముల మార్కెట్‌లో సరుకు అమ్మేవాళ్లు డబ్బుల లెక్క నోటితో తేల్చుకోవద్దు. 'మల్లయ్య రాజయ్య ఐదు వేలు' అంటే బాకీ ఎవరిది? కాగితం మీద రాసుకోండి. రాసిన అక్షరాన్ని పలుకుచెద ముట్టదు, పైకి చదివితేనే రాలుతుంది.

పోయినేడు మా చిన్నాయన బాయి కాడ మోటర్ చూస్తూ కొడుకుతో 'వైరు ముట్టకు' అన్నాడు. పిల్లగానికి వినిపించింది 'వైరు ముట్టు'. చెయ్యి చాపాడు. మా చిన్నమ్మ రెక్క పట్టి గుంజింది కాబట్టి బతికాడు. ఆ రాత్రి మా ఇంట్లో ఎవరికీ ముద్ద దిగలేదు. అప్పటి నుంచి మేము 'చేయకు' అనడమే మానేశాం. 'వద్దు' అంటాం, అడ్డంగా చెయ్యి ఊపుతాం. 'వద్దు' విడి మాట కాబట్టి రెండు మూడు రోజులు ఎక్కువ నిలుస్తుంది. కరెంటు పని, పురుగుమందు కొట్టే పని ఉంటే తొలివానకు ముందే ముగించండి, లేదా పది రోజులు బంద్ పెట్టండి. పంట కొంచెం ఆలస్యమైతే కానీయండి.

మందుగోలీల విషయంలో 'తిన్నాక', 'తినకముందు' రెండూ ఒకేలా వినిపిస్తాయి. అట్ట మీద అన్నం గిన్నె బొమ్మ వేసి, ముందో వెనకో గోలీ బొమ్మ గీయండి.

పాటలో మాత్రం మాట చెడదు. ఇది నేను కళ్లారా చూశాను. మా అవ్వకు 'నీళ్లు ఇవ్వు' అనడం రాలేదు కానీ బతుకమ్మ పాట అందుకుంటే ఒక్క విభక్తి కూడా రాలలేదు. మెదడు దెబ్బతిని మాట పడిపోయిన రోగుల్లోనూ చాలామందికి పాట మిగులుతుంది. అందుకే ముఖ్యమైన సంగతులను ఇప్పుడే బతుకమ్మ వరసలో కట్టి పిల్లలతో పాడించండి. తప్పు పలికినవాళ్లను మాత్రం సరిదిద్దకండి. టెన్షన్ పడ్డకొద్దీ చెద తొందరగా తింటుంది.

మరొకటి, ఇది అన్నిటికన్నా ముఖ్యం. ఉన్నట్టుండి మాట తడబడి, మూతి వంకరపోయినా, ఒక పక్క చెయ్యి లేవకపోయినా అది పలుకుచెద కాదు, పక్షవాతం. గడ్డకట్టిన రక్తాన్ని కరిగించే ఇంజెక్షన్ ఈ లక్షణాలు మొదలైన 4.5 గంటల్లోపు ఇస్తేనే పనిచేస్తుంది. చెదే అనుకుని తెల్లారేదాకా చూడకండి, వెంటనే 108కి ఫోన్ చేయండి. ఫోన్‌లో వాక్యం కూర్చే ప్రయత్నం వద్దు. ఊరి పేరు, ఇంటి గుర్తు, 'పక్షవాతం' చాలు. ఆ మూడింటినీ ఇవాళే ఫోన్ పెట్టే చోట గోడ మీద పెద్ద అక్షరాలతో రాసిపెట్టండి.