చిన్న వేషాలతో చాలాకాలం నిలబడాలంటే

హీరో కావాలనుకునేవాళ్లకు ఇది పనికిరాదు. తండ్రి, మామ, ప్లీడరు, ఇన్‌స్పెక్టరు వేషాల మీద బతకదలచినవాళ్ల కోసం రాస్తున్నాను. మనల్ని రెండోసారి పిలిచేది ప్రేక్షకుడు కాదు. ఎడిటింగ్ గదిలో మన షాట్లతో కుస్తీ పట్టినవాళ్లూ, సెట్లో మనతో వేగిన అసిస్టెంట్ డైరెక్టర్లూ. వాళ్ల పని తేలిక చేసే ఆర్టిస్టుకు కాల్షీట్లు ఖాళీ ఉండవు.

అందుకే ముందు కంటిన్యుటీ, అంటే ఒకే సీనును ఎన్ని షాట్లుగా తీసినా కదలికలన్నీ ఒకేలా ఉండటం. "ఆ ఇల్లు నీది కాదు" అనే డైలాగు ఉందనుకోండి. సీనంతా ఒకేసారి తీసే మాస్టర్ షాట్‌లో "కాదు" దగ్గర కుడిచేత్తో కళ్లజోడు తీశారు. ఎదుటివాళ్ల భుజం మీదుగా తీసే సజెషన్ షాట్‌లోనూ, మధ్యాహ్నం తీసే క్లోజప్‌లోనూ అదే చెయ్యి, అదే మాట దగ్గర కదలాలి. ఒకదానిలో "ఇల్లు" దగ్గరే తీసేస్తే ఆ రెండు ముక్కలూ అతకవు. ఎడిటర్ ఏం చేస్తాడు? ఎదుటి మనిషి ముఖం వేసి గండం గట్టెక్కుతాడు. మీరు ప్రాణం పెట్టి చేసిన చూపు బుట్టదాఖలు. కాబట్టి ప్రతి కదలికనూ భావానికి కాదు, మాటకు ముడివేయండి. స్క్రిప్టు పక్కనే పెన్సిలుతో "కుడి, కళ్లజోడు, కాదు" అని రాసుకోండి. రిహార్సల్‌లో తోచిన పనులన్నీ పెట్టుకోకండి, ఒకటి చాలు. భోజనం సీను మాస్టర్ షాట్‌లో ముద్ద మీద ముద్ద లాగించిన ఉత్సాహవంతుడికి ప్రతి టేకులోనూ ఆ ముద్దలన్నీ మళ్లీ తినక తప్పదు. సాయంత్రానికి అతని ముఖంలో కనిపించేది నటన కాదు.

క్లోజప్‌లో ఎదుటివాళ్ల డైలాగు పూర్తయ్యాక, ఒక్క క్షణం ఆగి మీది మొదలుపెట్టండి. మాట మీద మాట పడితే కత్తిరించడానికి చోటుండదు. ఎదుటి నటుడు వెళ్లిపోయి, ఓ అసిస్టెంటు కెమెరా పక్కన చెయ్యి చూపించి "లుక్ ఇక్కడ" అంటే చిన్నబుచ్చుకోకండి. ఆ చేతితోనే పోట్లాడాలి, దాన్నే బతిమాలాలి. మీ వంతు వచ్చినప్పుడు మాత్రం, అవతలివాళ్ల క్లోజప్ అయ్యేదాకా కెమెరా పక్కనే నిలబడి మీ డైలాగు నిండుగా అందించండి.

సీనులో ఎక్కువ భాగం మాటలు ఇతరులవే. ప్రతి మాటకూ కనుబొమలెగరేస్తే అది వినడం కాదు, హాజరు వేయించుకోవడం. మిమ్మల్ని నిజంగా కదిలించే మాట ఏదో ఒక్కటి ఎంచుకోండి. అప్పటిదాకా ఊరికే వినండి.

వయసు మీరిన వేషం వస్తే వెనుకాడకండి. 1927లో పుట్టిన గుమ్మడి, తనకన్నా పెద్దవారైన హీరోలకు తండ్రిగా నటించి మెప్పించారు. హాలీవుడ్‌లో వాల్టర్ బ్రెన్నన్ నడివయసుకే ముసలి వేషాల్లో స్థిరపడి, 1936, 1938, 1940 సంవత్సరాల చిత్రాలకు మూడు సహాయనటుడి ఆస్కార్‌లు అందుకున్నాడు. తర్వాత టెలివిజన్‌లోనూ ఏళ్ల తరబడి తాతయ్యగా వెలిగాడు. వణికే చేతులు, బొంగురు గొంతు అందరికీ తోచేవే. కుర్చీలోంచి లేచేటప్పుడు ముందు చేతుల మీద బరువు వేయండి. కాగితాన్ని కాస్త దూరంగా పట్టుకుని చదవండి. అంతకుమించి అక్కర్లేదు.

సీరియల్ లెక్క వేరు. డైలాగులు ఆ పూటే చేతికొస్తాయి, పక్కనుంచి డైలాగు చదివి అందించే ప్రాంప్టింగ్ వింటూ చెప్పాలి, రచయితలు మారుతుంటారు. పెద్దకోడలిని ఏమని పిలుస్తారు, ఏ మోకాలు నొప్పి, ఎవరితో మాటలు లేవు, అన్నీ ఒక నోటుపుస్తకంలో రాసుకోండి. కొత్త డైలాగు పాత కథకు అడ్డం తిరిగితే అసిస్టెంటును పక్కకు పిలిచి చెప్పండి, డైరెక్టరును నలుగురిలో దిద్దకండి. ఇంకొకటి: మొదటి వారంలో సరదాగా పెట్టుకున్న కుంటినడకను సీరియల్ ఆగేదాకా మోయాలి!

ఒకే రకం వేషాలు వస్తున్నాయని నసిగేవాళ్లంటే నాకు చిరాకు. సూర్యకాంతం దశాబ్దాలపాటు గయ్యాళి అత్తగానే రాజ్యమేలారు. పదో ఇన్‌స్పెక్టరు వేషం వచ్చిందా? డైలాగుల సంగతి తర్వాత. ఈ ఇన్‌స్పెక్టరు ఇంటికి వెళ్లేలోగా ఏ పని తెమల్చుకోవాలనుకుంటున్నాడో తేల్చుకోండి. ఒకడికి కేసు మూసేయాలి, ఇంకొకడికి కూతురికి ఫోను చేయాలి. తలుపు తోసుకొచ్చే తీరే మారిపోతుంది.

పారితోషికం మాట సెట్‌కు వెళ్లకముందే తేల్చుకోండి. తేదీలు రెండు చోట్ల పడితే ఆ రోజే ఇద్దరికీ చెప్పండి. ఫోటోలు పాతబడనివ్వకండి. జుట్టుకు రంగు వేయకముందు ఒకటి, వేశాక ఒకటి, గడ్డంతో ఒకటి తీయించి పంపండి. పాత ఫోటో చూసి కాస్ట్యూమ్ కుట్టించినవాళ్లు మీ కొత్త పొట్టను మేకప్ గదిలో మొదటిసారి చూడకూడదు.